బాసిట్రాసిన్: ఒక మందు పేరు

చిన్న గాయాలపై పూసే కొన్ని లేపనాలలో 'బాసిట్రాసిన్' అనే మందు ఉంటుంది. సూక్ష్మజీవులను అరికట్టే ఈ మందు పేరును విడదీసి చూస్తే ఒక గాయం కథ బయటపడుతుంది.

1943లో అమెరికాలోని కొలంబియా విశ్వవిద్యాలయంలో బల్బీనా జాన్సన్ అనే శాస్త్రవేత్త, కాలి ఎముక విరిగిన ఏడేళ్ల బాలిక గాయం నుండి తీసిన నమూనాను పరీక్షించారు. సూక్ష్మదర్శినిలో కనిపించిన, చీము పుట్టించే బాక్టీరియా ఆ నమూనాను పోషకద్రవంలో పెంచిన తరువాత కనిపించలేదు. అదే గాయంలో ఉన్న బాసిల్లస్ అనే మరొక బాక్టీరియా స్రవించిన పదార్థం వాటిని నశింపజేసిందని ఆమె గ్రహించారు. బాలిక ఇంటిపేరు ట్రేసీ. 'బాసిల్లస్'లోని మొదటి భాగానికి ఆ ఇంటిపేరును చేర్చి మందుకు పేరు పెట్టారు. మందు పేరులో రోగి పేరు నిలవడం అరుదైన విషయమే.

'చక్రపాణి' అన్నప్పుడు చక్రమూ కాక, చేయీ కాక, విష్ణువు స్ఫురిస్తాడు. బాసిట్రాసిన్ అన్నప్పుడు కూడా సూక్ష్మజీవీ కాక, బాలికా కాక, మందు స్ఫురిస్తుంది. బహువ్రీహి సమాసం చదివిన వారికి ఈ తీరు కొత్త కాదు.

ఇక వాడుక. ఇది ప్రధానంగా పైపూత మందు. శుభ్రపరచిన చిన్న గాయంపై పలుచగా పూయాలి. లోతైన గాయానికీ, జంతువుల కాటుకూ వైద్యుని సలహా తప్పనిసరి. తామర శిలీంధ్రాల వలన వచ్చేది కనుక దానికి ఈ లేపనం పూసి ప్రయోజనం లేదు. సూదిమందుగా ఇస్తే మూత్రపిండాలకు హాని కలుగుతుంది. అందుచేతనే 2020లో అమెరికా ఔషధ నియంత్రణ సంస్థ ఆ సూదిమందును ఉపసంహరించుకొమ్మని తయారీదారులను కోరింది.