ఇంటి తనఖా: అసలు, వడ్డీ, అసలైన ఖరీదు

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు మన పెద్దలు. ఆ మాట పుట్టిన కాలములో గృహప్రవేశముతో యజమాని బరువు చాలవరకు దిగిపోయేది. నేడు తాళపుచెవి చేతికి వచ్చిన నాటి నుండియే బరువు మొదలగుచున్నది. నాచారం పారిశ్రామికవాడలో ఉద్యోగము చేసుకొనుచు, మల్లాపూర్, హబ్సీగూడ, ఉప్పల్ ప్రాంతములలో అప్పు మీద రెండు గదుల ఫ్లాటు కొన్న కుటుంబముల పిల్లలు మా తరగతులలో ఎందరో ఉన్నారు. 2017 నవంబరులో నాగోలు నుండి మెట్రో రైలు నడవసాగిన తరువాత ఉప్పల్ చుట్టుప్రక్కల సొంత ఇల్లు ఉండవలెనన్న కోరిక మరింత బలపడినది. కోరికలో తప్పు లేదు. ఆ కోరిక వెల ఎంత అన్నది మాత్రము కాగితముపై కూర్చి చూచుకొన్నవారు అరుదు.

తెలుగు పాఠము చెప్పుకొనువారికి వడ్డీ లెక్కలతో పనియేమి అని గణితశాఖ మిత్రులు నవ్వవచ్చును. ఈ పని మేము కోరి తెచ్చుకొన్నది కాదు. 2023లో ఒకనాటి సాయంకాలము మా విద్యార్థి ఒకడు తన తండ్రిని వెంటబెట్టుకొని వచ్చినాడు. ఆయన నాచారంలో ఒక కార్ఖానాలో సూపర్‌వైజరు. వయస్సు 46 సంవత్సరములు. 2021 ఆరంభములో 30 లక్షల అప్పు 7 శాతము వడ్డీకి, 20 సంవత్సరములకు, అనగా 240 కిస్తులకు తీసుకొన్నారు. ఒక్క కిస్తు కూడ తప్పలేదు. కాని అప్పిచ్చినవారు పంపిన ఇంగ్లీషు కాగితములో మిగిలిన కిస్తుల సంఖ్య మొదటి రోజున వ్రాసిన 240 కంటె ఎంతో ఎక్కువగా కనబడుచున్నది. “కిస్తు మారలే, నేను తప్పలే. మరి లెక్క ఏడ తప్పింది సార్?” అని ఆయన అడిగినారు. లెక్క తప్పలేదని చెప్పుటకు మాకు రెండు రాత్రులు పట్టినది. అది ఎట్లు తప్పలేదో చెప్పుటయే ఈ వ్యాసము పని.

ముందుగా మాటలను గూర్చి ఒక మాట. మా వృత్తి అట్టిది. ‘వడ్డీ’ సంస్కృత ‘వృద్ధి’ నుండి ప్రాకృతము మీదుగా మనకు వచ్చినది. పెరుగునది అని అర్థము. ‘అసలు’ అరబ్బీలో వేరు, మూలము. ‘బాకీ’ అనగా మిగిలినది. ‘వాయిదా’ మాట ఇచ్చుట. ‘కిస్తు’ అను మాటకు మూలమైన అరబ్బీ పదమునకు సరియైన వాటా అనియు, న్యాయము అనియు అర్థములున్నవి. ఉర్దూ, తెలుగు రెండును చదువుకొను మన కళాశాలలో ఈ మాటలన్నియు ఇరుగుపొరుగుల సొత్తు. ‘మార్ట్‌గేజి’ అను ఇంగ్లీషు మాట ప్రాచీన ఫ్రెంచి నుండి వచ్చినది. దానికి ‘మృతమైన కుదువ’ అని అర్థము. మన 1882 నాటి ఆస్తి బదిలీ చట్టము 58వ సెక్షను ఆరు విధములైన తనఖాలను పేర్కొన్నది. దస్తావేజులను అప్పిచ్చినవారి వద్ద ఉంచు తనఖా వాటిలో ఒకటి; గృహ ఋణములలో మనకు తరచుగా ఎదురగునది అదియే. ఇల్లు మనదే, నివాసము మనదే, కాని ఇంటి ప్రాణము వంటి కాగితములు మాత్రము వారి బీరువాలో ఉండును.

ఇక లెక్క. 30 లక్షల అప్పును 9 శాతము వార్షిక వడ్డీకి 20 సంవత్సరములకు తీసుకొన్నామనుకొందాము. సమానమైన నెలసరి కిస్తు సుమారు 26,992 రూపాయలు. నెల వడ్డీ కట్టుటకు సూత్రము అతి సులభము: నిల్వను వడ్డీ రేటుతో గుణించి 1200 చేత భాగించవలెను. మొదటి నెల 30,00,000 ను 9 చేత గుణించి 1200 చేత భాగించగా 22,500. మనము కట్టిన 26,992 లో వడ్డీ పోగా అసలుకు చేరినది 4,492 మాత్రమే. రెండవ నెల నిల్వ 29,95,508, వడ్డీ 22,466, అసలుకు 4,526. ఈ విధముగా నెలకు కొద్ది రూపాయల చొప్పున అసలు వాటా పెరుగుచు పోవును. విద్యార్థులు ఈ ఒక్క సూత్రముతో ఇంట్లో ఉన్న ఏ ఋణపత్రమునైనను పరీక్షింపవచ్చును. పన్నెండు వరుసలు చేతితో వేసి చూడండి. యంత్రముపై చూచినదానికంటె బాగా మనస్సుకు ఎక్కును.

మొదటి సంవత్సరములో కట్టినది సుమారు 3 లక్షల 24 వేలు. అసలు తగ్గినది 56 వేలు. ఐదు సంవత్సరములు గడచునప్పటికి 16 లక్షల 20 వేలు కట్టియుందుము. అసలు తగ్గినది 3 లక్షల 39 వేలు మాత్రమే. సగము కాలము, అనగా పది సంవత్సరములు గడచిన నాడు 32 లక్షల 39 వేలు, తెచ్చినదానికంటె ఎక్కువయే, కట్టియుందుము. అప్పటికిని 21 లక్షల 31 వేల బాకీ నిలిచి ఉండును. కిస్తులో అసలు వాటా వడ్డీ వాటాను దాటునది 149వ నెలలో! అసలులో సగము తీరుటకు 14 సంవత్సరములు పట్టును. చివరకు 240 కిస్తుల మొత్తము 64 లక్షల 78 వేలు. అందులో వడ్డీ 34 లక్షల 78 వేలు. ఇందులో మోసము లేదు. నిల్వ పెద్దదిగా ఉన్నంతకాలము వడ్డీ పెద్దదిగా ఉండును, అంతే. కాని కిస్తు సమానముగా ఉండుట వలన ఋణము కూడ సమానముగా తరుగుచున్నదని మనకు భ్రమ కలుగును.

వడ్డీ అసలును మించరాదని మన ప్రాచీన ధర్మశాస్త్రములలో ఒక నియమము ఉండెడిది. దామ్‌దుపట్ అను పేరుతో బొంబాయి ప్రాంతములో న్యాయస్థానములు కూడ దానిని పాటించినవి. అయితే అది ఒకే సమయమున పేరుకొన్న వడ్డీకి సంబంధించిన నియమము. నెలనెలా వడ్డీ చెల్లించివేయుచున్న వానికి అది కూడ అక్కరకు రాదు.

ఇప్పుడు ఆ తండ్రిగారి కాగితమునకు వద్దాము. ఆయన తీసుకొన్నది మారుడు వడ్డీ. 2019 అక్టోబరు 1 నుండి బ్యాంకులు కొత్తగా ఇచ్చు మారుడు వడ్డీ గృహ ఋణములను రెపో రేటు వంటి బయటి కొలబద్దకు ముడివేయవలెనని రిజర్వు బ్యాంకు విధించినది. 2020 మే నెలలో 4 శాతమునకు దిగిన రెపో రేటు 2022 మే నుండి మెట్టుమెట్టుగా పెరిగి 2023 ఫిబ్రవరికి 6.50 అయినది. ఆయన వడ్డీ కూడ 7 నుండి 9.50కి ఎక్కినది. మధ్యమెట్లను లెక్క సులభము కొరకు ప్రక్కన పెట్టి, రెండు సంవత్సరముల తరువాత ఒకేసారి పెరిగినదనుకొందాము. ఆయన కిస్తు 23,259. రెండేండ్ల తరువాత నిల్వ 28 లక్షల 52 వేలు. కొత్త రేటున ఒక నెల వడ్డీయే 22,579! అసలుకు పోవునది 680 రూపాయలు. కిస్తు మారకుండ ఉంచినచో మిగిలిన 216 కిస్తులు 448 అగును. అనగా 37 సంవత్సరములకు పైబడి. 46 ఏండ్ల మనిషి తన 83వ ఏట ఋణవిముక్తుడు కావలెను. ఆ అంకె చెప్పినప్పుడు ఆయన ఏమియు అనలేదు. కుమారుని వైపు చూచినారు.

అదే అప్పును అనుకొన్న కాలములోనే తీర్చవలెనన్నచో కిస్తు 27,606 కావలెను. నెలకు 4,347 అధికము. రెండు మార్గముల మొత్తములను పోల్చి చూడండి: కిస్తు పెంచినచో ఇకమీద కట్టవలసినది 59 లక్షల 63 వేలు; పెంచకున్నచో ఒక కోటి 4 లక్షల 20 వేలు. కిస్తు మారలేదన్న ఊరట ఖరీదు 44 లక్షలు దాటుచున్నది. అడగకుండనే కాలమును పొడిగించుట వలన కలుగు ఈ అనర్థమును గుర్తించియే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఆదేశములు జారీ చేసినది. రేటు మారినప్పుడు కిస్తు పెంచుకొనుటయా, కాలము పెంచుకొనుటయా, రెండును కొంత కొంతయా అన్నది ఋణగ్రహీత ఎంచుకొనవలెను. స్థిరవడ్డీకి మారు అవకాశము ఇవ్వవలెనని 2023 నాటి ఆ ఆదేశములలో ఉండెడిది. వడ్డీకి కూడ చాలనంత తక్కువగా కిస్తు ఉండరాదు. ఈ హక్కు ఉన్నదని తెలిసినవారు అడుగుదురు. తెలియనివారికి ఇంగ్లీషు కాగితము వచ్చును.

ముందుగా కొంత అసలు చెల్లించుట వలన కలుగు లాభమును కూడ చూడవలెను. మారుడు వడ్డీ గృహ ఋణములపై ముందస్తు చెల్లింపు జరిమానాను బ్యాంకులకు 2012 జూన్‌లోనే నిషేధించినారు. పైన చెప్పిన 9 శాతము అప్పులో మొదటి సంవత్సరాంతమున ఒక లక్ష అదనముగా కట్టినచో 19 కిస్తులు, అనగా 5 లక్షల 13 వేలు తప్పిపోవును. అదే లక్షను పదునైదవ సంవత్సరాంతమున కట్టినచో తప్పునది ఆరు కిస్తుల లోపే, లక్షా 54 వేలు. డబ్బు అదే, కాలము వేరు.

వడ్డీ కాక ఇతర ఖర్చులు చిల్లరమల్లరగా కనబడును. పరిశీలన రుసుము, వకీలు అభిప్రాయము, తనఖా పత్రము రిజిస్ట్రేషను, వీటికి తోడు ఋణగ్రహీత ప్రాణముపై బీమా. ఈ బీమా ప్రీమియమును అప్పులోనే కలిపివేయుట కద్దు. 60 వేల ప్రీమియము 9 శాతమున 20 సంవత్సరములలో లక్షా 29 వేల 560 రూపాయలుగా పరిణమించును. బీమా వలదని మేము అనము. ఇంటి పెద్ద పోయినచో కుటుంబము వీధిన పడరాదు. కాని దానిని చేతి డబ్బుతో కట్టుట మేలు. 2024 అక్టోబరు 1 నుండి కొత్త ఋణములకు ముఖ్యాంశముల పత్రము ఇవ్వవలెను. ఈ ఖర్చులన్నియు కలిపిన వార్షిక రేటు అందులో ఉండవలెను. ప్రకటన పలకమీద ఉన్న రేటును గాక ఈ రేటును చూడవలెను. పన్ను మినహాయింపును నమ్ముకొని అప్పును పెంచుకొనువారు ఒక సంగతి గమనింపవలెను: కొత్త పన్ను విధానమును ఎంచుకొన్నవారికి, తాము నివసించు ఇంటి వడ్డీపై ఆ మినహాయింపు లేదు.

న్యాయముగా ఇంకొక ప్రక్కను కూడ చెప్పవలెను. 20 సంవత్సరముల తరువాతి రూపాయి నేటి రూపాయి కాదు. ధరలు ఏటా 6 శాతము పెరుగునని పెట్టుకొన్నచో, మనము కట్టు 64 లక్షల 78 వేల నేటి విలువ 37 లక్షల 68 వేలు మాత్రమే. తప్పిన అద్దె కూడ ఉన్నది. కనుక అసలైన ఖరీదు 30 లక్షలును కాదు, 65 లక్షలును కాదు. నడుమ ఎక్కడనో ఉన్నది. అయితే ఈ ఓదార్పు జీతము కూడ ధరలతోపాటు పెరుగువారికే. నాచారం కార్ఖానాలలో ఎందరికి అట్లు పెరుగుచున్నదో మన విద్యార్థులను అడిగిన తెలియును.

వడ్డీ ధర్మసమ్మతమా అన్న ప్రశ్న మన కళాశాలలో తప్పక వచ్చును. ఉస్మానియా విశ్వవిద్యాలయములో అర్థశాస్త్రము బోధించిన డాక్టర్ అన్వర్ ఇక్బాల్ ఖురేషీ 1946లోనే ఇస్లాము, వడ్డీ సిద్ధాంతములపై ఇంగ్లీషులో గ్రంథము వ్రాసినారు. మలేషియాలో 1983 నుండి వడ్డీలేని బ్యాంకు ఉన్నది. అక్కడ బ్యాంకు, కొనుగోలుదారు ఇంటిని ఉమ్మడిగా కొని, బ్యాంకు వాటాను క్రమముగా కొనుక్కొను పద్ధతి ఉన్నది. మన దేశములో అట్టి ప్రతిపాదనను ముందుకు తీసుకొనిపోరాదని రిజర్వు బ్యాంకు నిర్ణయించిన సంగతి 2017లో వెల్లడియైనది. ధర్మనిర్ణయము ఆలిములది, మేము చెప్పగలది ఒక్కటే. ఏ పేరుతో తీసుకొన్నను నెలకు ఎంత, ఎన్ని నెలలు అన్న గుణకారము మాత్రము వేయకతప్పదు.

ఆ తండ్రిగారు ఇంట్లోని బంగారము కొంత అమ్మి లక్ష రూపాయలు అసలుకు కట్టినారు; కిస్తును 25,500కు పెంచవలసినదని వ్రాతపూర్వకముగా కోరినారు. ఆ అర్జీని కుమారుడే తెలుగులోను ఇంగ్లీషులోను వ్రాసినాడు. మా లెక్క ప్రకారము 448 కిస్తులు 245 అయినవి. 2025 ఫిబ్రవరి నుండి జూను వరకు రెపో రేటు 6.50 నుండి 5.50కి తగ్గినది. అప్పుడు కిస్తు తగ్గించవలదని మేము సలహా ఇచ్చినాము. కిస్తు అట్లే ఉంచినచో ఇకమీద మిగిలిన 221 కిస్తులు 190కి దిగును. అప్పటికిని ఆయన ఉద్యోగ విరమణ దాటి కొన్నేండ్లు మిగిలియే ఉన్నవి. ఏటేటా బోనసులో సగము అసలుకు కట్టెదనని అన్నారు.

చివరి కిస్తు చెల్లిన తరువాతి పని కూడ ఆయన ఇప్పుడే అడిగి వ్రాసుకొన్నారు. 2023 డిసెంబరు 1 నుండి అమలులో ఉన్న నియమము ప్రకారము అప్పు పూర్తిగా తీరిన 30 దినములలో అసలు దస్తావేజులు తిరిగి ఇచ్చి, రిజిస్టరైన తనఖాను తొలగింపజేయవలెను. వారి వలన ఆలస్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారము. దస్తావేజులు చేతికి వచ్చిన పిదప ఉప్పల్ సబ్‌రిజిస్ట్రారు కార్యాలయము నుండి ఇ.సి. తీసుకొని, పాత తనఖా పద్దు తొలగినదో లేదో ఒకమారు చూచుకొనవలెను.