చర్చి తీర్పు వేరు, కోర్టు తీర్పు వేరు



"ఫాదర్ గారూ, మా అమ్మాయి పెళ్లి చెల్లదని మేత్రాసన న్యాయపీఠం తీర్పు ఇచ్చింది. ఇక వేరే సంబంధం చూసుకోవచ్చు కదా?" అని తల్లిదండ్రులు అడుగుతుంటారు. దీనికి జవాబు, "అప్పుడే కాదు" అని. ఎందుకో ఈ వారం తెలుసుకుందాం.

క్రైస్తవ వివాహం శ్రీసభలో దివ్యసంస్కారం. ప్రభుత్వం దృష్టిలో అది చట్టానికి లోబడిన బంధం. ఈ రెండవ బంధాన్ని రద్దు చేసే అధికారం కోర్టుకు మాత్రమే ఉంది. చర్చి న్యాయపీఠం తీర్పు కోర్టు డిక్రీకి బదులు కాదని సుప్రీంకోర్టు 1996లో స్పష్టం చేసింది. ఆ తీర్పులకు చట్టపరమైన గుర్తింపు కావాలని వేసిన పిటిషన్‌ను 2017లో కొట్టివేసింది. కాబట్టి చర్చి తీర్పును మాత్రమే నమ్ముకొని మళ్లీ పెళ్లి చేసుకుంటే, ఆ పెళ్లి చట్టరీత్యా చెల్లదు. పైగా మొదటి భర్త లేక భార్య బ్రతికి ఉండగా మరో పెళ్లి చేసుకున్న నేరానికి ఏడేళ్ల వరకు జైలు శిక్ష పడవచ్చు.

మనకు వర్తించే చట్టం 1869 నాటి విడాకుల చట్టం. ఒకప్పుడు ఇందులో స్త్రీకి అన్యాయం జరిగేది. భార్య వ్యభిచరించిందని రుజువు చేస్తే భర్తకు విడాకులు దొరికేవి. భార్యకు అది చాలదు. వ్యభిచారంతో పాటు క్రూరత్వాన్నో, రెండేళ్లు విడిచిపెట్టడాన్నో కూడా రుజువు చేయాలి. జిల్లా కోర్టు డిక్రీ ఇచ్చినా హైకోర్టు ధృవీకరించేవరకు ఎదురుచూడాలి. 2001లో చేసిన సవరణ ఈ రెండింటినీ తొలగించింది.

నేడు భార్యాభర్తలిద్దరికీ సమానంగా ఉన్న కారణాలు ఇవి:

1. వ్యభిచారం.
2. క్రైస్తవ మతం విడిచి వేరే మతంలో చేరడం.
3. కనీసం రెండేళ్లుగా నయంకాని మతిభ్రమణం.
4. కనీసం రెండేళ్లుగా అంటుకునే స్థితిలో ఉన్న సుఖవ్యాధి.
5. ఏడేళ్లు లేక అంతకుమించి ఆచూకీ తెలియకపోవడం.
6. కావాలని దాంపత్యానికి నిరాకరించడం, అందువల్ల వివాహం సంపూర్ణం కాకపోవడం.
7. కలిసి కాపురం చేయాలన్న కోర్టు డిక్రీని రెండేళ్లు పాటించకపోవడం.
8. కనీసం రెండేళ్లు విడిచిపెట్టి ఉండటం.
9. కలిసి ఉంటే హాని జరుగుతుందనే భయం కలిగించేంత క్రూరత్వం.

వీటితోపాటు ఉన్న కుష్ఠు వ్యాధి అనే కారణాన్ని 2019లో తొలగించారు. భర్త అత్యాచారం, అసహజ లైంగిక నేరాలకు పాల్పడితే, ఆ కారణంగా భార్య ప్రత్యేకంగా విడాకులు కోరవచ్చు.

ఇద్దరూ ఇష్టపడి విడిపోయే మార్గం కూడా 2001లోనే వచ్చింది. చట్టంలో రెండేళ్లు విడిగా ఉండాలని రాశారు. ఇతర మతస్థులకు ఒక్క ఏడాదే కదా అని కేరళ హైకోర్టు 2010లో దాన్ని ఏడాదిగా చదవాలని చెప్పింది. మీ జిల్లాలో ఏది పాటిస్తున్నారో మీ వకీలును అడగండి.

మరి శ్రీసభ మాటేమిటి? సంపూర్ణమైన దివ్యసంస్కార వివాహాన్ని మానవులెవరూ విడదీయలేరు. న్యాయపీఠం విడాకులు ఇవ్వదు. పెళ్లినాడు బలవంతమో, మోసమో, బాధ్యతలు మోయలేని మానసిక అసమర్థతో ఉండెనా అని విచారించి, వివాహం మొదటినుండే లేదని మాత్రమే ప్రకటిస్తుంది. అలా ప్రకటించినా పిల్లలు అక్రమ సంతానం కారు, భయపడకండి. ఇందుకు రెండు న్యాయపీఠాల తీర్పులు ఒకేలా ఉండాలన్న నియమాన్ని ఫ్రాన్సిస్ జగద్గురువులు 2015లో తొలగించారు.

కోర్టులో విడాకులు పొంది, మళ్లీ పెళ్లి చేసుకోని సోదరికి ఆ విడాకుల కారణంగానే దివ్యసత్ప్రసాదం నిరాకరించకూడదు. పిల్లల సంరక్షణకు, ఆస్తి హక్కులకు వేరే దారి లేనప్పుడు కోర్టు విడాకులను సహించవచ్చునని శ్రీసభ సత్యోపదేశమే చెబుతున్నది. అలాగే భర్త కొడుతుంటే, ప్రాణానికో పిల్లలకో అపాయం ఉంటే, ఆ ఇల్లు విడిచి వెళ్లడానికి శ్రీసభ చట్టమే అనుమతిస్తుంది. "ఓర్చుకో తల్లీ" అని ఆమెను తిరిగి ఆ ఇంటికి పంపడం భక్తి కాదు.

కనుక రెండు తలుపులూ తట్టండి. విచారణ గురువును కలిసి న్యాయపీఠానికి దరఖాస్తు పెట్టండి. వకీలును కలిసి కోర్టుకు వెళ్లండి. రెండు తీర్పులూ చేతికి వచ్చిన తరువాతే పెళ్లి మాటలు మొదలుపెట్టండి.