ధాతువుల గదికి కాపలా కాసిన మరబొమ్మలు



రోబో అనగానే అది పై దేశాల వారి తెలివి అనుకుంటాం. కానీ తనంత తాను కదిలే బొమ్మ అనే ఊహ మన దేశపు కథల్లో ఏనాడో ఉంది. అలాంటి రెండు కథలను ఈ వార్షికోత్సవ సంచికలో మీకు పరిచయం చేస్తున్నాం.

మొదటిది క్రీ.శ. 5వ శతాబ్దంలో సింహళంలో బుద్ధఘోషుడు పాళీ భాషలో రాసిన 'సుమంగళవిలాసిని' వ్యాఖ్యానంలో ఉంది. మగధ రాజు అజాతశత్రువు బుద్ధుని ధాతువులను, అంటే అస్థికలను, భూమిలో లోతైన గదిలో భద్రపరిచాడు. విశ్వకర్మ కొయ్య బొమ్మలను చేసి, వాటి చేతికి కత్తులిచ్చి అక్కడ కాపలా పెట్టాడు. అవి గాలి వేగంతో గిరగిర తిరిగేవి. అన్నింటినీ ఒకే చీలకు బిగించాడు. చాలా కాలానికి అశోకుడు ఆ గది తెరిపిస్తే బొమ్మలు ఇంకా తిరుగుతూనే ఉన్నాయి. చక్రవర్తి అయినా లోపలికి పోలేకపోయాడు. అప్పుడు విశ్వకర్మే పల్లెటూరి కుర్రవాడి వేషంలో వచ్చి, కీలు చూసి బాణం వేశాడు. బొమ్మలన్నీ విడిపోయి పడ్డాయి.

రెండవ కథ బర్మాలో దొరికిన 'లోకపన్నత్తి' అనే పాళీ గ్రంథంలోనిది. ఇందులో ఈ యంత్రాల విద్య 'రోమా' దేశానిది. ఆ విద్య తెలిసినవాడు దేశం దాటితే, యంత్రమే వెంటపడి తల నరికేది. పాటలీపుత్రం వాడొకడు ఆ విద్య కోసం మరుజన్మలో రోమాలో పుట్టి, యంత్రకారుని కూతుర్ని పెళ్ళాడి, అంతా నేర్చుకున్నాడు. యంత్రం నమూనా రాసి, తొడ కోసి అందులో పెట్టి కుట్టుకున్నాడు. దారిలో యంత్రం అతన్ని చంపింది. కొడుకు ఆ రాతను తీసుకుని మగధ చేరి, ధాతువులకు కాపలా బొమ్మలు చేశాడు.

ఇది చరిత్ర కాదు, కథ. భట్టిప్రోలు స్తూపంలో 1892లో అలెగ్జాండర్ రీ తవ్వకాల్లో ధాతువుల రాతి పెట్టెలే దొరికాయి గాని మరబొమ్మలు దొరకలేదు. అయితే కథలో రోమా పేరు ఊరికే రాలేదు. ఆనాటి రోము ఏలుబడిలోని అలెగ్జాండ్రియాలో క్రీ.శ. 1వ శతాబ్దంలో హీరో అనే ఆయన నిజంగానే కదిలే బొమ్మల గురించి రాశాడు. గింజలు పోసిన గొట్టంలో బరువైన దిమ్మ మెల్లగా దిగుతుంటే, దానికి కట్టిన తాడు ఇరుసును తిప్పుతుంది. ఆ ఇరుసే బొమ్మను నడిపిస్తుంది.

ఆ దేశాలతో మన తీరానికి వర్తకం ఉండేది. క్రీ.శ. 2వ శతాబ్దంలో టాలెమీ రాసిన భూగోళంలో మన మైసోలియా తీరంలో కొంటకొస్సిల, కొడ్డూర అనే పేర్లున్నాయి. మొదటిది దివిసీమ పక్కనున్న ఘంటసాల అనీ, రెండవది మన గూడూరే అనీ పండితులు గుర్తించారు. సరుకుతో పాటు యంత్రాల ముచ్చట్లు కూడా ఓడ దిగి ఉంటాయని మా ఊహ.

ఈ కథల్లో మమ్మల్ని ఆలోచింపజేసింది కత్తి కాదు, తాళం. విద్యను ఒక దేశం, ఒక కులం, ఒక ఇల్లు తమ సొంతమని దాచుకుంటే, మరొకడు దాన్ని ఒంట్లో కుట్టుకుని తేవలసి వచ్చింది. మన తాత ముత్తాతలకు కూడా అక్షరం అలాగే దూరమైంది. మా ఇంట్లో డిగ్రీ పాసైన మొదటివారం మేమే. మా నాన్నగారు వేలిముద్ర వేసిన చోట మేము సంతకం చేస్తున్నాం.

ఎంత పెద్ద యంత్రానికైనా ఒక చీల ఉంటుంది. అదెక్కడుందో చక్రవర్తికి తెలియలేదు, పల్లెటూరి కుర్రవాడి వేషంలో వచ్చినవాడికి తెలిసింది. లెక్కలు, సైన్సు చూసి భయపడే తమ్ముళ్ళు ఈ మాట గుర్తుంచుకోవాలి. ఐటీఐలో చేరినా, పాలిటెక్నిక్‌లో చేరినా, యంత్రం పక్కన నిలబడి చూడటంతో ఆగకండి. విప్పి చూడండి, చీల ఎక్కడుందో కనుక్కోండి. నేర్చుకున్నది దాచుకోకుండా పక్క మంచం తమ్ముడికి చెప్పండి.