గిబియోను వాసుల మోసం

చదువవలసిన వేదభాగం: యెహోషువ 9, 1-27

భయం మనిషిచేత అబద్ధమాడిస్తుంది. ఒకసారి మోసపోయినవాడు మళ్లా నమ్మడానికి జంకుతాడు. ఈ రెండింటిని గూర్చి పూర్వవేదంలో ఓ చక్కని ఉదంతం వుంది.

1. మోసం

యెహోషువ యెరికో, హాయి పట్టణాలను నాశనం చేశాడని విని గిబియోను వాసులు హడలిపోయారు. చుట్టుపట్ల రాజులు యుద్ధానికి ఏకమయ్యారు. వీళ్లు మాత్రం ప్రాణాలు దక్కించుకోవడానికి ఓ పన్నాగం పన్నారు. చినిగిన గోతాలు, కుట్లువేసిన ద్రాక్షసారాయపు తిత్తులు, మాసికలు వేసిన చెప్పులు, బూజు పట్టిన రొట్టెలు తీసికొని గిల్గాలు శిబిరానికి వచ్చారు. తాము దూరదేశం వాళ్లమని చెప్పి ఒడంబడిక అడిగారు. నిజానికి గిబియోను యెరూషలేముకు సుమారు 10 కి.మీ. దూరంలోనే వుంది!

2. పెద్దల పొరపాటు

యిస్రాయేలు నాయకులు ఆ రొట్టెలను చూచారేగాని ప్రభువును సంప్రదించలేదు. కంటికి కన్పించిన దాన్నే నమ్మి ప్రమాణం చేశారు. కనుక తప్పంతా మోసగించినవాళ్లదే కాదు.

3. నిలిచిన మాట

మూడు రోజుల్లో గుట్టు బయటపడింది. ప్రజలు నాయకులమీద గొణిగారు. ఐనా వాళ్లు ప్రభువు పేర చేసిన ప్రమాణాన్ని మీరలేదు. ఎదుటివాడు అబద్ధమాడాడు కదా అని తమ మాట తప్పలేదు. ఐతే మోసానికి ఫలితం లేకపోలేదు. గిబియోను వాళ్లు సమాజానికీ దేవుని పీఠానికీ కట్టెలు కొట్టేవాళ్లు, నీళ్లు మోసేవాళ్లు అయ్యారు.

తర్వాత ఐదుగురు రాజులు గిబియోనును ముట్టడించారు. మోసగాళ్లు చస్తే చావనీ అని యెహోషువ ఊరకుండలేదు. రాత్రంతా నడచివెళ్లి వాళ్లను కాపాడాడు (10, 6-9). చాలకాలం తర్వాత సౌలు ఈ ప్రమాణాన్ని మీరి వాళ్లను చంపించాడు. అందుకే దావీదు కాలంలో మూడేండ్లు కరవు వచ్చిందని చెప్తుంది 2 సమూవేలు 21.

4. మనకు పాఠం

భర్త అప్పు సంగతి దాస్తాడు. పిల్లవాడు పరీక్ష తప్పిన సంగతి దాస్తాడు. అది తప్పే. కాని కోపపడకముందు, వీడు దేనికి భయపడ్డాడు అని అడగాలి. తప్పును దిద్దాలి, మనిషిని మాత్రం వదులుకోకూడదు. నమ్మకం ఒక్కరోజులో తిరిగిరాదు. మాట నిలబెట్టుకొనేవాడి దగ్గర అది మెల్లగా మళ్లా చిగురిస్తుంది.

ఇంటిల్లిపాదీ ఆలోచించండి: మన యింట్లో నిజం చెప్పడానికి ఎవరైనా భయపడుతున్నారా? ఆ భయానికి మనమే కారణమా?