డాక్యుమెంటరీ ఛాయాగ్రాహకుని పని

మన పక్కనున్న చింతపల్లి అడవులలో 'అల్లూరి సీతారామరాజు' సినిమా చిత్రీకరణ జరిగింది. 1974లో విడుదలైన ఆ చిత్రానికి ఛాయాగ్రాహకుడు వి.ఎస్.ఆర్. స్వామి. సినిమాలో పోరాట దృశ్యం సరిగా రాకపోతే మరల తీయవచ్చు. 1922 ఆగస్టులో చింతపల్లి పోలీసు స్టేషనుపై జరిగిన అసలు దాడిని మాత్రం ఎవరూ మరల జరిపించలేరు. డాక్యుమెంటరీ ఛాయాగ్రాహకునికి ఎదురయ్యేవి ఇటువంటి అసలు సంఘటనలే. అక్కడ రెండవ అవకాశం ఉండదు.

ఇందుకు మంచి ఉదాహరణ నవరోజ్ కాంట్రాక్టర్ (మరణం 2023). 1984లో హైదరాబాదులో జరిగిన మత కలహాలపై దీపా ధన్‌రాజ్ 1986లో 'క్యా హువా ఇస్ షహర్ కో' అనే చిత్రం తీశారు. 'ఈ నగరానికి ఏమైంది' అని ఆ పేరుకు అర్థం. దానికి కెమెరా నవరోజ్‌ది. రాజకీయ నాయకులు ఒకపక్క, నష్టపోయిన పేదలు మరొకపక్క ఉన్న నగరంలో కెమెరా పట్టుకొని తిరగడం ఎంత కష్టమో ఆలోచించండి.

ఆ కాలంలో 16 ఎం.ఎం. ఫిలిం వాడేవారు. 400 అడుగుల రీలు సుమారు 11 నిమిషాలలో అయిపోతుంది. ఫిలిం ఖరీదైనది. అందుచేత గంటసేపు సాగే ఉపన్యాసంలో ఎప్పుడు మీట నొక్కాలి, ఎప్పుడు ఆపాలి అన్నది అక్కడికక్కడే తేల్చుకోవాలి. నాయకుని ముఖమే చూపితే అది ప్రచారమవుతుంది. కెమెరాను వింటున్నవారి వైపు తిప్పితే ఆ మాటలు ఎవరిమీద ఎలా పనిచేస్తున్నాయో తెలుస్తుంది. నా దృష్టిలో ఈ వృత్తిలో అసలు విద్య ఇదే. లెన్సులు, వెలుతురు కొలతలు ఎవరైనా నేర్చుకోవచ్చు.

దీపా ధన్‌రాజ్, నవరోజ్ తదితరులు 'యుగాంతర్' అనే బృందంగా పనిచేశారు. నిపాణి పొగాకు కార్మిక స్త్రీలపై 1982లో ఒక చిత్రం, హైదరాబాదులోని స్త్రీ శక్తి సంఘటనతో కలసి 1983లో తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీశారు. ఎవరి గురించి తీస్తున్నారో వారితో కూర్చొని మాట్లాడి, వారిని కలుపుకొని తీయడం ఈ బృందం పద్ధతి.

ఈ సంగతి మనకు చాలా అవసరం. మన గ్రామాలకు కూడా కెమెరాలు వస్తాయి. థింసా ఆడించి, కాఫీ తోటలు తీసుకొని వెళ్ళిపోతాయి. డోలీలో గర్భిణిని మోసుకువెళ్ళే దృశ్యం టీవీలో వస్తుంది, ఆమెను అడిగారా లేదా మనకు తెలియదు. ఎందుకు తీస్తున్నారు, ఎక్కడ చూపిస్తారు, పూర్తయ్యాక మా ఊరిలో కూడా వేస్తారా అని అడగడంలో తప్పులేదు. అడిగితే జవాబు చెప్పవలసిన బాధ్యత తీసేవారిదే.

ఈ పని నేర్చుకోదలచినవారికి పూణేలో 1960లో ఏర్పడిన ఫిలిం అండ్ టెలివిజన్ ఇన్‌స్టిట్యూట్ ఉంది. డిగ్రీ తరువాత ప్రవేశ పరీక్ష రాయాలి. అంతవరకు సెల్‌ఫోను చాలు. ఈ ఆదివారం సంతకు వెళ్ళినప్పుడు, అడ్డపిక్కలు అమ్మే అవ్వను ముందుగా అడిగి, ఆమె ముఖంతో పాటు తూకం వేసే చేతిని కూడా తీసి చూడండి.