రాయి విడిచిన తరువాత

పాఠభాగములు: 1 కొరింథీ 9:24-27, నిర్గమ 17:8-13, కీర్తన 90:12



అపొస్తలుడైన పౌలు కొరింథు సంఘమునకు వ్రాయుచు, ఆ పట్టణపువారు బాగుగా ఎరిగిన పందెపు రంగమునుండియే పాఠము తీసెను. ఈ నెల మనమును ఒక క్రీడాకారిణి జీవితమును ధ్యానింతము. ఆమె కెనడా దేశస్థురాలైన సాండ్రా ష్మర్లర్. కర్లింగు అను ఆటలో లోకప్రసిద్ధి పొందిన స్త్రీ.

1. ఆట యెట్టిది?

కర్లింగు స్కాట్లండులో పుట్టి, కెనడాలో మిగుల వ్యాపించిన మంచుదేశపు ఆట. సుమారు 45 మీటర్ల పొడవుగల మంచుబాట చివర వలయములుండును. దాదాపు 20 కిలోల గ్రానైటు రాయిని పిడిపట్టి నెట్టి, నియమింపబడిన గీత దాటకమునుపే విడిచి, ఆ వలయములలోనికి చేర్చవలెను. జట్టుకు నలుగురు, ఒక్కొక్క వరుసలో ఒక్కొక్కరు రెండేసి రాళ్లు వేయుదురు.

విడిచిన రాయిని తన జట్టువారెవరును మరల ముట్టరాదు. అయితే ఇద్దరు దాని ముందు సాగుచు బ్రష్షులతో మంచును గట్టిగా రుద్దుదురు. ఆ రాపిడికి మంచు పైపొర కొంచెము వేడెక్కును. రాయి మరికొంత దూరము, మరికొంత తిన్నగా పోవును. వేసినది ఒకరైనను చేర్చినది అందరు.

2. ఆమె పరుగు

సాండ్రా 1963 జూన్ 11న సస్కాచవాన్ రాష్ట్రములోని బిగ్గర్ అను చిన్న పట్టణమున పుట్టెను. అది గోధుమ పండు సీమ. తరువాత రెజైనా నగరమున ఆమె జట్టు కూడెను. ఆమె నాయకురాలు. జాన్ బెట్కర్, జోన్ మెక్‌కస్కర్, మార్షా గుడెరైట్ అను ముగ్గురు ఆమె తోడివారు. ఈ నలుగురు 1993, 1994, 1997 సంవత్సరములలో కెనడా విజేతలై, ఆ మూడేండ్లును ప్రపంచ విజేతలైరి.

1997లో ఆమె తొలి బిడ్డను కనెను. కొద్ది నెలలలోనే బ్రాండన్ పట్టణమున జరిగిన ఎంపిక పోటీలో గెలిచి, 1998లో జపాను దేశపు నాగానోకు వెళ్లెను. స్త్రీల కర్లింగునకు ఒలింపిక్ పతకములిచ్చుట అదే మొదలు. బ్రిటనును అదనపు వరుసలో 6-5తోను, చివరి ఆటలో డెన్మార్కును 7-5తోను ఓడించి వారు బంగారు పతకము పొందిరి.

3. వాడిపోవు కిరీటము

1999లో రెండవ బిడ్డ పుట్టిన కొద్దికాలమునకే ఆమెకు క్యాన్సరు బయలుపడెను. 2000 ఫిబ్రవరిలో ఆమె పత్రికలవారి యెదుట కూర్చుండి, ఇప్పుడు తనకు ముఖ్యమైనది తన కుటుంబమే అని తెలిపెను. మార్చి 2న మరణించెను. వయస్సు 36 ఏండ్లు. పతకము పొంది రెండేండ్లు మాత్రమే.

ఆమె అంతరంగ విశ్వాసమును గూర్చి తీర్పు చెప్పుట మా పని కాదు. హృదయముల నెరిగినవాడు ప్రభువు. అయితే పౌలు చెప్పిన సంగతి ఇక్కడ కన్నులకు కట్టినట్లున్నది. ఈ లోకపు కిరీటమునకే ఇంత శిక్షణ, ఇంత ఆశానిగ్రహము వలసినయెడల, వాడని కిరీటము కొరకు మనకెంత వలెను! దినములను లెక్కించుట నేర్పుమని మోషే చేసిన ప్రార్థన వృద్ధులకు మాత్రమే కాదు. పిల్లలనెత్తుకొన్న తల్లులకును, కావడి మోయు యౌవనులకును చెందినదే.

4. ముందు రుద్దువారు

ఆమె మరణముతో పని ఆగలేదు. 2001లో ఆమె పేరిట ఒక ధర్మసంస్థ ఏర్పడెను. నెలలు నిండకయు, జబ్బుతోను పుట్టిన పసికందులను బ్రదికించు పరికరములను కెనడా ఆసుపత్రులకు సమకూర్చుటకు అది ద్రవ్యసహాయము చేయుచున్నది. ఆమె చేయి రాయిని విడిచెను. ఇతరులు దాని ముందు మంచు రుద్దుచున్నారు.

కొండమీద మోషే చేతులు బరువెక్కినప్పుడు అహరోను, హూరు వాటిని ఆదుకొనిరి. ప్రొద్దు గ్రుంకువరకు విడువలేదు. మన సంఘములలో ఏమి జరుగుచున్నది? కాపరి బదిలీయైన నెలకే ఆదివారపు బడి మూతపడును. పెద్ద కన్నుమూసిన పిమ్మట ఆయన నడిపిన సాయంకాల ప్రార్థనలో దీపము వెలుగదు. "అది ఆయన పని" అందుము. అది ఆయన పని కాదు, ప్రభువు పని. నాటినవాడు వెళ్లినను నీళ్లుపోయువాడు నిలువవలెను.

కూటములలో ఆలోచించుటకు:

1. మన గ్రామములో ఎవరు ప్రారంభించిన ఏ మంచి పని నిలిచిపోయినది? ఈ నెలలో దానిని తిరిగి చేపట్టువారెవరు?

2. రోగముతోనున్న తల్లి యింట పిల్లలకు అన్నము పెట్టుటకు, పొలము పని చూచుటకు సంఘము ఏమి ఏర్పాటు చేసినది?

3. మనము విడిచిన మాట తిరిగి రాదు. పలుకకమునుపు ప్రార్థించుచున్నామా?

ప్రార్థన: ప్రభువా, మా దినములు కొద్దివని మాకు తెలియజేయుము. మాకంటె ముందు ప్రయాసపడినవారి పనిని మా చేతులలో పడిపోనియ్యకుము. పేరు కోరక తోడ్పడు మనస్సు మాకిమ్ము. ఆమేన్.