దొంగిలింపబడిన బావి: బెనెగల్ చిత్రములందు వాస్తవము, హాస్యము

బెంగాల్-నాగపూర్ రైలుమార్గముతో పెరిగిన బిలాసపురమున 1936లో సత్యదేవ్ దుబే జన్మించెను. క్రికెట్ ఆటగాడు కావలెనని బొంబాయి చేరి, నాటకరంగమున స్థిరపడెను. ఆయన స్వయముగా తీసిన చిత్రములు స్వల్పము: 1965, 1968లలో రెండు లఘుచిత్రములు, 1971లో 'శాంతతా! కోర్ట్ చాలూ ఆహే' అను మరాఠీ చిత్రము. తెలుగునేలతో ఆయనకు సంబంధము హైదరాబాదువాడగు శ్యామ్ బెనెగల్ (1934-2024) మూలముగా కలిగినది.

బెనెగల్ తొలి చిత్రము 1962 నాటి గుజరాతీ డాక్యుమెంటరీ. పిదప ప్రకటన చిత్రములు తీసెను. తొలి కథాచిత్రమగు 'అంకుర్' (1974)నకు పెట్టుబడి పెట్టినదియు ప్రకటనరంగపు సంస్థయే. తెలంగాణ గ్రామకథయగు దానికి దక్కనీ పలుకుబడిలో సంభాషణలు వ్రాసినవాడు బిలాసపురపు దుబే!

వీరిరువురును షమా జైదీతో కూడి 'మండీ' (1983)కి చిత్రానువాదము కూర్చిరి. మూలము గులాం అబ్బాస్ ఉర్దూ కథ 'ఆనందీ'. నీతి పేర పురపాలక సభ్యులు వేశ్యలను ఊరివెలుపలి బీడునకు తరుముదురు. అంగళ్లు వారి వెంట వచ్చును, ఇండ్లు లేచును, బీడు పట్టణమగును, ఆ పట్టణపు సభ మరల వారిని తరుమ నిశ్చయించును. ఇందు పరిహాసోక్తులకంటె పట్టణము పెరుగు క్రమమే నవ్వు పుట్టించును. ఆ క్రమమును చూపుట డాక్యుమెంటరీ పని. రైలు చుట్టును పెరిగిన పట్టణమున పుట్టినవానికి ఇది క్రొత్త విషయము కాదేమో!

దుబే పాలులేని 'వెల్ డన్ అబ్బా' (2010)లోను ఈ పద్ధతియే కలదు. జీలానీ బానో రచించిన 'నర్సయ్యా కీ బావ్డీ' దీనికొక ఆధారము. బీదవానికి ప్రభుత్వ పథకము క్రింద బావి మంజూరైనది, సొమ్ము లంచములపాలైనది, నీరు లేదు. కాగితములందు మాత్రము బావి పూర్తియైనది. అతడు, అతని కూతురు లంచములనుగూర్చి ఫిర్యాదు చేయరు. తమ బావిని ఎవరో దొంగిలించిరని పోలీసు ఠాణాలో వ్రాసియిత్తురు. బావి త్రవ్వనేలేదని చెప్పవలెనన్న, అధికారులు తమ సంతకములే అబద్ధములని ఒప్పుకొనవలెను.